దోర్నకల్ అధ్యక్ష ఖండము: మంద ఎవరిది? కాపరి ఎవరు?

పఠన భాగములు: నిర్గమకాండము 18:13–26, అపొస్తలుల కార్యములు 15:1–31, 1 పేతురు 5:1–4.



మన పల్లె సంఘములలో “డయోసీసు” అను మాట వినబడగానే అనేకుల మనస్సులో మెదలునది ఒక ఆఫీసు. గురువును బదిలీ చేయు ఆఫీసు, సంవత్సరమునకొకమారు వంతు సొమ్ము అడుగు ఆఫీసు, బడికి పంతులును వేయు ఆఫీసు. కౌన్సిలునకు ప్రతినిధులను ఎన్నుకొను కాలమున మాత్రము ఊరూర సందడి లేచును. ఆ సందడి అణగిన పిమ్మట, మనము పంపిన పెద్ద అక్కడ ఏమి మాటలాడెను, ఏమి తీర్మానించి వచ్చెను అని అడుగువారు అరుదు. తన ఇంటి పుట్టుక ఎరుగనివాడు ఆ ఇంటిని కాపాడలేడు. కావున ఈ మాసపు పాఠములో దోర్నకల్ అధ్యక్ష ఖండము ఎట్లు పుట్టెనో, ఎట్లు పాలింపబడెనో, ఆ పాలనలో పల్లె సంఘమునకు ఎట్టి భాగము కలదో ధ్యానింతము.

1. అధ్యక్ష ఖండమనగా నేమి?

బిషప్పు అను మాటకు మూలమైన గ్రీకు మాటకు కనిపెట్టి చూచువాడు అని అర్థము. మన తెలుగు బైబిలు దానిని అధ్యక్షుడని తర్జుమా చేసినది. ఒక అధ్యక్షుని కాపుదలలో నున్న సంఘములన్నియు కలిసి ఒక అధ్యక్ష ఖండము. ఆంగ్లికన్ క్రమములో బిషప్పు, గురువు, డీకను అని మూడు విధములైన పరిచర్యలు కలవు. ఇది చూచి, ఈ క్రమములో అధికారమంతయు పైనున్న ఒక్కరిదేయని కొందరు తలంతురు. అది సరికాదు.

మోషే ఉదయము మొదలు సాయంకాలము వరకు ఒంటరిగా కూర్చుండి ప్రజలకు తీర్పు తీర్చుచుండగా, అతని మామ వచ్చి ఆ పద్ధతి అతనినీ ప్రజలనూ నలగగొట్టునని హెచ్చరించెను. దేవునికి భయపడి లంచమును అసహ్యించుకొను మనుష్యులను ఏర్పరచుకొని భారము పంచుకొమ్మని చెప్పెను. యెరూషలేములో వివాదము లేచినప్పుడు పేతురు ఒక్కడే ఆజ్ఞ ఇయ్యలేదు. అపొస్తలులును పెద్దలును కూడిరి. పేతురు మాటలాడెను, బర్నబా పౌలులు తాము చూచినది వివరించిరి, యాకోబు ముగింపు చెప్పెను, సంఘమంతయు సమ్మతించి ఉత్తరము పంపెను. అధ్యక్షుడు ఉండుట, ఆయన సభతో కూడి యోచించుట, ఈ రెండును కలిసియున్నదే బైబిలు చూపు మార్గము. దోర్నకల్ చరిత్ర ఈ మార్గమును మన తెలుగు నేలమీద నేర్చుకొనిన చరిత్ర.

2. వేరులు

1814లో కలకత్తా బిషప్పు పీఠము ఏర్పడినప్పుడు హిందూదేశమంతయు ఆ ఒక్క బిషప్పు క్రింద నుండెను. 1835లో మద్రాసు పీఠము ఏర్పడి, తెలుగు సీమ దాని కాపుదలలోనికి వచ్చెను. చర్చి మిషనెరీ సొసైటీ పంపగా 1841లో రాబర్టు నోబుల్, హెన్రీ ఫాక్సు అను ఇద్దరు గురువులు మచిలీపట్టణము చేరిరి. 1843లో నోబుల్ దొరగారు స్థాపించిన పాఠశాలకు ముఖ్యముగా పై కులముల పిల్లలు వచ్చిరి. అచ్చటనుండి కొందరు ప్రభువును అంగీకరించిరి గాని వారి సంఖ్య స్వల్పము.

ద్వారము తెరవబడినది మరియొక దిక్కున. బెజవాడ సమీపమున రాఘవాపురములో పాగోలు వెంకయ్య అను మాలపల్లె పెద్ద సత్యదేవుని వెదకుచు డార్లింగు దొరగారిని కలిసికొని, 1859లో బాప్తిస్మము పొందెను. ఆయన వెంట ఆయన ఇంటివారును, తరువాత చుట్టుపట్ల పల్లెలును వచ్చెను. దుమ్ముగూడెములో కోయల నడుమను, కడప కర్నూలు సీమలలో ముత్యాలపాడు, నంద్యాల ప్రాంతములలో ఎస్.పి.జి. మిషను ద్వారాను ఇట్టి సంఘములే లేచెను. ఊరి బావి నీరు ముట్టరాదని తరుమబడిన మాలలు మాదిగలు ఈ సంఘములకు పునాది రాళ్లైరి. నేడు మన దేవాలయము ఎంత పెద్దదైనను, దాని క్రింద నున్నది ఆ రాళ్లే అని మరువరాదు.

చర్చి మిషనెరీ సొసైటీకి 1841 మొదలు 1872 వరకు కార్యదర్శిగా నుండిన హెన్రీ వెన్ దొరగారు ఒక సంగతి పదేపదే చెప్పుచుండిరి. మిషను అనునది ఇల్లు కట్టునప్పుడు వేయు పరంజి వంటిది. ఇల్లు లేచిన తరువాత పరంజి తీసివేయవలెను. దేశీయ సంఘము తనను తానే పోషించుకొనవలెను, తనను తానే పాలించుకొనవలెను, తనను తానే వ్యాపింపజేసికొనవలెను. మాట మంచిదే. అయితే దేశీయుడు బిషప్పు కాకుండ ఆ మాట నెరవేరుట యెట్లు?

3. 1912వ సంవత్సరము

తిరునెల్వేలి సీమలో వెల్లాలన్‌విలై గ్రామమున 1874లో ఒక గురువు ఇంట వేదనాయకము శామ్యూలు అజరయ్యగారు జన్మించిరి. ఆయన యౌవనమున వై.ఎం.సి.ఏ. కార్యదర్శిగా దక్షిణ దేశమంతట తిరిగిరి. మన దేశపు క్రైస్తవులు తమ సొమ్ముతో తమ మనుష్యులను సువార్తకు పంపవలెనని 1903లో తిరునెల్వేలి ఇండియన్ మిషనెరీ సొసైటీ స్థాపనకు తోడ్పడిరి. ఆ సొసైటీ ఎన్నుకొనిన పొలము నిజాము రాజ్యములోని దోర్నకల్. నేడది తెలంగాణలో మహబూబాబాదు జిల్లాలో నున్నది. ఇతరులను పంపి తాము ఇంటనుండుట తగదని తలంచి, 1909లో అజరయ్యగారు డీకనుగా అభిషేకము పొంది తామే అక్కడికి వచ్చిరి. పుట్టుకచే అరవవారు, తెలుగు నేర్చుకొని తెలుగువారిలో ఒకరైరి.

1910లో ఎడింబరోలో జరిగిన ప్రపంచ మిషనెరీ మహాసభలో వారు ధైర్యముగా మాటలాడిరి. మిషనెరీల త్యాగమును కొనియాడుచునే, భారతీయులకు కావలసినది దయ చూపు యజమానులు కారు, సరిసమానముగా చేయిపట్టుకొను స్నేహితులని విన్నవించిరి. ఆ మాట కొందరికి చేదైనది. అయినను మద్రాసు బిషప్పు వైట్‌హెడ్డుగారు వెనుదీయలేదు. అజరయ్యగారిని బిషప్పు చేయవలెనని వారు పట్టుబట్టిరి. తెల్లవారు భారతీయ బిషప్పునకు లోబడుదురా అని కొందరు మిషనెరీలు అడిగిరి; మన దేశ క్రైస్తవులలోనూ సందేహించినవారు కలరు. తుదకు 1912 డిసెంబరు 29న కలకత్తా సెయింట్ పాల్స్ దేవాలయములో అజరయ్యగారు బిషప్పుగా ప్రతిష్ఠింపబడిరి. ఆంగ్లికన్ సంఘములో బిషప్పైన మొదటి భారతీయుడు ఆయనయే. అప్పటికి వారి వయస్సు 38 సంవత్సరములు.

మొదట దోర్నకల్ ఖండము చిన్నది. 1920 ప్రాంతమున కృష్ణా తీరపు సంఘములు మొదలైనవి దానిలో చేర్చబడగా, అది తెలుగు సీమలో విశాలమైన ఖండమాయెను. అప్పుడు ఇంగ్లీషు మిషనెరీలు నిజముగానే ఒక భారతీయుని అధికారము క్రిందికి వచ్చిరి. 1945 జనవరి 1న మరణించువరకు ఆయన ఆ పీఠమున నుండిరి. అంతకాలమును ఆంగ్లికన్ సంఘములో ఒక ఖండమునకు అధిపతియైన భారతీయ బిషప్పు ఆయన ఒక్కరే. ఈ సంగతి ఆయన గొప్పతనమును మాత్రమే గాక, పైనున్నవారు అధికారము పంచుకొనుటకు ఎంత నెమ్మదించుదురో కూడ చూపుచున్నది.

4. పల్లెలలో పాలన

అజరయ్యగారి పాలన కుర్చీలో కూర్చుండి చేసినది కాదు. ఎద్దుబండిమీదను సైకిలుమీదను పల్లెపల్లె తిరిగి, డేరాలలో బసచేసి, సంఘములను విచారించిరి. బాప్తిస్మమునకు వచ్చినవారిని ప్రశ్నించి, యేసు ప్రభువు కథలు వారి నోట చెప్పించెడివారు. బాప్తిస్మము పొందినవాడు తన తలపై చేయి ఉంచుకొని, సువార్త ప్రకటింపకపోయిన యెడల తనకు శ్రమయని పౌలు కొరింథీయులకు వ్రాసిన మాటను తన మాటగా పలుకునట్లు నేర్పిరి. చదువు రాని కూలివానికి సయితము, నీవు సంఘములో తినువాడవు మాత్రమే కాదు, పెట్టువాడవు అని నేర్పిన క్రమమిది. ఏటేట ఒక వారము సాక్ష్య వారముగా ఏర్పడెను. ఆ వారములో స్త్రీలు పురుషులు గుంపులుగా పొరుగు పల్లెలకు పోయి పాటలతో సువార్త చెప్పిరి.

పల్లె సంఘమునకు మూలస్తంభము ఉపదేశి. పగలు పిల్లలకు బడి, రాత్రి పెద్దలకు ప్రార్థన, రోగికి మందు, తగవుకు తీర్పు, అన్నియు అతని ఇంటిముందే. ఇట్టి పల్లె పంతుళ్లలోనుండియే, ఇంగ్లీషు చదువు అంతగా లేకపోయినను నమ్మకముగా నడచినవారిని తెలుగులో వేదాంతము నేర్పి గురువులుగా అభిషేకించిరి. ఆ విధముగా భారతీయ గురువుల సంఖ్య వందకు మించెను, ఖండపు క్రైస్తవుల సంఖ్య రెండు లక్షలు దాటెను. విదేశపు జీతగాండ్రతో ఇంత మందను మేపుట అసాధ్యమైయుండును.

సొమ్ము విషయము చూతము. మన ప్రజలు కూలి జనులు. నగదు కానరాని ఇండ్లలో గృహిణి వంటకు తీసిన బియ్యములో పిడికెడు దేవుని కుండలో వేసెను. కోత పండుగకు ధాన్యము, కోడి, గుమ్మడికాయ, గుడ్లు బలిపీఠము ముందుకు వచ్చెను. క్రైస్తవుని ఇవ్వడిని గూర్చి అజరయ్యగారు ఒక పుస్తకమే వ్రాసిరి. బీదవాడు ఇయ్యలేడనుట వానిని గౌరవించుట కాదు, తక్కువచేయుట. ఇచ్చు సంఘమునకే అడుగు అధికారము కలుగును. ఎవని సొమ్ము లేదో వాని మాటయు సభలో ఉండదు. పిడికెడు బియ్యమునకును కౌన్సిలులో కూర్చుండు హక్కునకును గల సంబంధమిదియే.

కులము విషయములో పోరాటము కఠినమైనది. మాలపల్లెకు ఒక గుడి, మాదిగపల్లెకు ఒక గుడి, పై కులములనుండి వచ్చినవారికి ముందు వరుస అను ఆశ అప్పుడును కలదు. ప్రభువు బల్ల యొద్ద ఒకే పాత్ర అని బిషప్పుగారు నిలిచిరి. ఈ పోరాటము ముగిసినదని మేము చెప్పజాలము.

1939 జనవరి 6న, ప్రత్యక్షతా పండుగ దినమున, దోర్నకల్ మహాదేవాలయము ప్రతిష్ఠింపబడెను. గుళ్ల స్తంభములు, మసీదుల గుమ్మటములు తలపించు ఆ కట్టడము, సువార్త ఈ దేశపు వస్త్రము ధరించి నిలువగలదని చెప్పుచున్నది.

5. స్వతంత్రత, ఐక్యత

1930 వరకు మన దేశపు ఆంగ్లికన్ సంఘము చట్టము ప్రకారము ఇంగ్లాండు సంఘమునకు కట్టుబడియుండెను. 1927లో బ్రిటిషు పార్లమెంటు ఇండియన్ చర్చి చట్టము చేయగా, 1930లో ఆ బంధము విడి, ఇండియా బర్మా సిలోను సంఘము తన శాసనములను తానే చేసికొను హక్కు పొందెను. దేశమునకు స్వాతంత్ర్యము రాకమునుపు 17 సంవత్సరములు మన సంఘమునకు ఈ స్వాతంత్ర్యము వచ్చెను. బిషప్పులు, గురువులు, సామాన్య విశ్వాసులు ముగ్గురును సభలో కూర్చుండి నిర్ణయించు పద్ధతి స్థిరపడెను.

రెండవ కార్యము ఐక్యత. తెలుగు సీమలో గోదావరి ప్రక్క లూథరన్లు, ఒంగోలు ప్రక్క బాప్టిస్టులు, మెదకు ప్రక్క వెస్లియనులు, మధ్య ఆంగ్లికనులు. కూలికొరకు ఒక తాలూకానుండి మరియొక తాలూకాకు పోయిన విశ్వాసి, అక్కడ ప్రభువు బల్లయొద్ద పరదేశి ఆయెను. ఈ గోడలు మన పితరులు కట్టినవి కావు, ఓడలో వచ్చినవి. 1919లో తరంగంబాడిలో 33మంది సేవకులు కూడి ఐక్యతకు పిలుపునిచ్చిరి. ఇద్దరు తప్ప అందరు భారతీయులే. వారిలో అజరయ్యగారు ముఖ్యులు. 1927లో లోజాను మహాసభలో, విభాగము మన దేశములో పాపమును అభ్యంతరమునై యున్నదని వారు వాదించిరి.

చర్చలు పాతిక సంవత్సరములు మించి సాగెను. నెబో కొండమీద మోషేవలె అజరయ్యగారు దూరమునుండి చూచి కన్నుమూసిరి. ఇలియట్ బిషప్పుగారి కాలమున, 1947 సెప్టెంబరు 27న మద్రాసు సెయింట్ జార్జి దేవాలయములో దక్షిణ ఇండియా సంఘము వెలసెను. మద్రాసు, దోర్నకల్, తిరునెల్వేలి, తిరువాన్కూరు కొచ్చిను అను నాలుగు ఆంగ్లికన్ ఖండములును, దక్షిణ ఇండియా మెథడిస్టు సంఘమును, ప్రెస్బిటేరియనులు కాంగ్రిగేషనలులు అంతకుమునుపే కలిసియున్న దక్షిణ ఇండియా ఐక్య సంఘమును ఏకమాయెను.

ఐక్యతకు వెలయు చెల్లింపవలసి వచ్చెను. బిషప్పు చేతుల అభిషేకము లేని సేవకులను అంగీకరించుట కొందరి మనస్సాక్షికి పట్టలేదు. దోర్నకల్ ఖండములోని నంద్యాల ప్రాంతపు సంఘములు కలియక వేరుగా నిలిచెను. 1970 తరువాతి సంవత్సరములలో గాని నంద్యాల దక్షిణ ఇండియా సంఘములోనికి రాలేదు. ఆ నంద్యాలయే 2013లో ఇ. పుష్పలలితమ్మగారిని బిషప్పుగా పొందెను. దక్షిణ ఇండియా సంఘములో స్త్రీ బిషప్పగుట అదియే మొదలు. కడపట వచ్చినవారు ముందు నడచుట దేవుని రాజ్యములో క్రొత్త కాదు. కాలక్రమమున కృష్ణా గోదావరి, కరీంనగరు ఖండములును వేరుగా ఏర్పడెను.

6. నేటి పాలనా క్రమము

పాలన క్రిందినుండి మొదలగును. బాప్తిస్మము, కన్ఫర్మేషను పొంది, ప్రభువు బల్లలో పాలుపొందుచు, చందా చెల్లించు సభ్యులు తమ పాస్టరేటు కమిటీని ఎన్నుకొందురు. పాస్టరేటులనుండి ఎన్నుకొనబడిన సామాన్య ప్రతినిధులును, గురువులును కూడినదే డయోసీసన్ కౌన్సిలు. బిషప్పుగారు దానికి అధ్యక్షులు. కౌన్సిలు కూడని కాలమున కార్యనిర్వాహక కమిటీ, కార్యదర్శి, కోశాధికారి పనులు చూతురు. అన్ని ఖండములకు పైగా సినడు కలదు. దానికి అధిపతి మోడరేటరుగారు.

బిషప్పు పీఠము ఖాళీయైనప్పుడు కౌన్సిలు కొన్ని పేర్లు ఎన్నుకొని పంపును. వాటిలో ఒకరిని సినడు తరపున నియమింతురు. అనగా ఖండము ఒంటరిగా నియమింపదు, సినడు ఖండమును విడిచి నియమింపదు. దేవాలయములు, బడులు, ఆసుపత్రులు, భూములు సంఘపు ట్రస్టు అసోసియేషను పేరనుండుట సాధారణము. ఏ బిషప్పునకు గాని, గురువునకు గాని, కమిటీకి గాని అవి సొంతము కావు. పిడికెడు బియ్యము వేసిన తల్లులు మరణించిరి. వారి మనుమలకు అప్పగింపవలసిన ఆస్తి అది.

7. మనకు పాఠములు

ఈ క్రమమంతయు ఒక్క స్థలములో విరుగును: పల్లెలో చేయెత్తు ఘడియలో. పేతురు పెద్దలకు వ్రాయుచు, లాభాపేక్షతో గాక ఇష్టముతో, ప్రభువులై గాక మాదిరులై మందను కాయుడని హెచ్చరించెను. ఈ మాట బిషప్పులకే వ్రాయబడినదని తలంచి మనము తప్పించుకొనజాలము, పెద్దలకు వ్రాయబడెను.

మేము పల్లె గురువులము, చూచుచున్నదే వ్రాయుచున్నాము. మావాడు అను ఒక్క మాటచేత ప్రతినిధి ఏర్పడుచున్నాడు. భోజనము పెట్టినవానికి చేతులు లేచుచున్నవి. ఓడినవారు మోకరించుటకు మారు కోర్టు మెట్లు ఎక్కుచున్నారు. కానుక పెట్టె సొమ్ము వకీళ్ల పాలగుచున్నది. వ్యాజ్యము తేలువరకు సంఘము రెండు వైపుల కూర్చుండి ఒకే పాట పాడుచున్నది. పైనున్నవారు చెడిరని మనము నిందింతుము. పైకి పంపినవారెవరు? మన పల్లె చెట్టు క్రింద కూర్చుండి మనమే గదా.

1912లో ప్రశ్న, భారతీయుడు మందను కాయగలడా అని. మన పితరులు తమ జీవితములతో కాయగలడని జవాబిచ్చిరి. ఇప్పటి ప్రశ్న వేరు. తెల్లవాడు చేసిన పెత్తనమును మనవాడు చేసిన యెడల దానికి స్వపరిపాలన అని పేరు పెట్టవచ్చునా? పరంజి తీసివేసి ఇల్లు మనకిచ్చిరి. ఆ ఇంటిని ఎవని వాటా వానిదని గోడలు పెట్టి పంచుకొనుటకు ఇయ్యలేదు.

కావున మూడు పనులు చేయుదము. ప్రతినిధిని ఎన్నుకొనక మునుపు సంఘమంతయు కూడి ప్రార్థించి, యిత్రో చెప్పిన గుణములు ఆ మనుష్యునియందు కలవా అని బహిరంగముగా విచారింతము. కౌన్సిలునుండి తిరిగి వచ్చిన ప్రతినిధి, మరుసటి ఆదివారమున ఆరాధన తరువాత సంఘమునకు లెక్క ఒప్పచెప్పునట్లు అడుగుదము. వ్రాతగా నున్న మరింత మేలు. స్త్రీలను, యౌవనస్థులను కమిటీలలో పేరుకు మాత్రము గాక మాటకు కూర్చుండబెట్టుదము. పిడికెడు బియ్యముతో ఈ ఖండమును నిలిపినది ఆ చేతులే.

ఆలోచించుటకు ప్రశ్నలు

1. మన పాస్టరేటునుండి కౌన్సిలునకు వెళ్లిన ప్రతినిధులు ఎవరు? వారు కడపట మనకు చెప్పిన సంగతి ఏమి?
2. యెరూషలేము సభలో సంఘము వినుటకు ఎంత తావు ఇచ్చెను? మన కమిటీలో భిన్నాభిప్రాయము చెప్పినవానికి ఏమగుచున్నది?
3. మన సంఘపు ఆస్తి ఏమేమి కలదు? దాని కాగితములు ఎచ్చట నున్నవో ఎరిగినవారు ఎందరు?
4. మన పల్లెలో ప్రభువు బల్ల నిజముగా ఒక్కటేనా?

ప్రార్థన

మంచి కాపరివైన ప్రభువా, మా పితరులను ఊరి వెలుపలనుండి పిలిచి నీ మందలో చేర్చినందుకు స్తోత్రము. మా బిషప్పులకు వినయమును, గురువులకు నమ్మకత్వమును, పెద్దలకు నిర్మలమైన చేతులను దయచేయుము. మేము ఏర్పరచువారిని నీ ఎదుట ఏర్పరచునట్లు మా కన్నులు తెరువుము. మంద నీదియని మేము ఎన్నడును మరువకుందుము గాక. ఆమేన్.